తీపి బ్రెడ్డు క్రూటాన్లు

చక్కెరతో పాటు పాలు, వెన్న, గుడ్డు వంటివి కలిపి కాల్చిన బ్రెడ్డును ఒకటి రెండు రోజులు నిలవ ఉంచి, ముక్కలుగా కోసి, నెయ్యిలోనో వెన్నలోనో వేయించి గానీ, ఓవెన్‌లో ఆరబెట్టి గానీ చేసుకునే కరకరలాడే ముక్కలివి. సూప్‌ల మీద, సలాడ్‌లలో, పళ్ల ముక్కలతో, పుడ్డింగుల్లో వాడతారు. ఫ్రెంచివాళ్ల బ్రియోష్, పోర్చుగీసుల మాస్సా సొవాడా, యూదుల ఖల్లా, హవాయి తీపి బన్ను, మన బేకరీల మిల్క్ బ్రెడ్డు అన్నీ వీటికి పనికొస్తాయి. క్రూటాన్ అనగానే వెల్లుల్లి, ఉప్పు పట్టించిన ముక్కలే గుర్తుకొస్తాయి గానీ, పాత రొట్టెను తీపిగా వేయించుకుని తినే అలవాటు వాటికేమీ తీసిపోనంత పాతది. ఈ వంటలో చిక్కు ఒక్కటే. చక్కెర ఉన్న బ్రెడ్డు లోపల ఆరేలోపే పైన మాడిపోతుంది. ఒక్కో ప్రాంతం వాళ్లు ఒక్కో దారిలో ఈ చిక్కును విప్పుకున్నారు. అలా పుట్టిన వంటకాలు చాలానే ఉన్నాయి.

రోమ్ నుంచి పారిస్ దాకా

అపీసియస్ పేరు మీద నిలిచిన రోమన్ వంటల సంకలనం 'డి రె కోక్వినారియా' క్రీ.శ. 4–5 శతాబ్దాల నాటికి ఇప్పుడున్న రూపానికి వచ్చిందని పండితుల అంచనా. దాని ఏడో భాగంలో, తీపి వంటల మధ్య, రొట్టె ముక్కల వంటకం ఒకటుంది. మేలురకం తెల్ల రొట్టె తీసుకుని, పై పెచ్చు ఒలిచేసి, కాస్త పెద్ద ముక్కలుగా తుంచి, పాలలో నానబెట్టి, వేయించి, తేనె పోసి పెట్టమంటుంది. కొలతలు లేవు, ఎంతసేపో లేదు. అయినా అందులో ఉన్న తెలివి ఇవాళ్టికీ పనికొస్తుంది. తేనె వేయించాక వచ్చి చేరుతుంది కాబట్టి సెగ తగిలి మాడే భయం లేదు. పాలు పీల్చుకున్న ముక్క పైన ఎర్రబడినా లోపల మెత్తగా ఉంటుంది. ఫ్రెంచివాళ్ల పాన్ పెర్డ్యూ, స్పెయిన్‌లో ఈస్టరు ముందు రోజుల్లో చేసే టొరీహాస్ కూడా ఇలా తడిపి వేయించే రకాలే.

మధ్యయుగపు యూరప్‌లో ఇంటింటా రొట్టె పొయ్యి ఉండేది కాదు. చాలా పల్లెల్లో ఊరుమ్మడి పొయ్యిలోనే కాల్చుకునేవారు. ఒకసారి కాల్చిన రొట్టెలు రోజుల తరబడి రావాలి. రాయిలా బిగిసిన ముక్కను గిన్నె అడుగున వేసి, మీద వేడి వేడి మాంసం రసమో కూరగాయల రసమో పోసుకుంటే పూట గడిచేది. దొరల ఇళ్లలోనూ ఈ పద్ధతి పోలేదు. ఫ్రెంచి వంటవాడు లా వరెన్ 1651లో అచ్చు వేయించిన 'లె క్విజినియె ఫ్రాన్స్వా'లోని పొటాజ్‌లు (సూప్‌లు) అలా రసంలో నాని ఉడికిన రొట్టె మీద వడ్డించేవే. తర్వాతి కాలంలో చిక్కటి సూప్‌లు వచ్చాక అడుగునున్న రొట్టె పైకి చేరింది. అడుగున ఉన్నప్పుడు దాని పని కడుపు నింపడం. పైకి వచ్చాక మెత్తటి సూప్‌లో పంటికి తగిలే కరకర కోసం వేస్తున్నారు. క్రూటాన్ చరిత్రలో ఇంతకన్నా పెద్ద మలుపు లేదు.

తీపి బ్రెడ్డు దగ్గరికొస్తే అసలైన పట్టు ఫ్రెంచి వంటవాడు ఓగ్యూస్త్ ఎస్కాఫియే 1903 నాటి 'లె గీడ్ క్యులినేర్'లో కనిపిస్తుంది. క్యారెట్ సూప్ వంటి వాటికి వెన్నలో వేయించిన చిన్న చిన్న ముక్కలు వేయమన్న ఆయనే, అదే పుస్తకంలో పళ్లతో వడ్డించే క్రూట్‌లకూ చోటిచ్చాడు. వీటికి సావరిన్ అనే ఉంగరం ఆకారపు ఈస్ట్ కేకు కావాలి. అది తాజాది కాకూడదు, పాకం పట్టించినదీ కాకూడదు. నిలవున్న ఆ కేకును పలచటి బిళ్లలుగా కోసి, పళ్లెంలో పరిచి, మీద సన్నటి చక్కెర చల్లి ఓవెన్‌లో పెడతారు. చెమ్మ ఆరిపోతూ ఉండగానే చక్కెర కరిగి గాజుపొరలా పడుతుంది. ఆ బిళ్లలను గుండ్రంగా పేర్చి, మధ్యలో ఉడికించిన పళ్లు పోసి, ఆప్రికాట్ సాస్ వేస్తారు. ఇంత చక్కెర వేసినా మాడకపోవడానికి కారణం ఆ క్రమమే. ముక్క పలచన, దానిలో చెమ్మ తక్కువ, చక్కెర పైపైన. పాలలో ముంచే రోమన్ దారికి ఇది పూర్తిగా ఎదురు. తడపడానికి బదులు ఇక్కడ ముందుగానే ఆరబెడుతున్నారు.

ఉప్పు రకం కథ మాత్రం మెక్సికోలో మలుపు తిరిగింది. టిహువానాలో హోటల్ నడిపిన ఇటలీవాడు సీజర్ కార్డీనీ 1924 జులై 4న సీజర్ సలాడ్‌ను మొదటిసారి కలిపాడని చెబుతారు. అమెరికాలో మద్యనిషేధం ఉన్న రోజులవి, సరిహద్దు దాటి వచ్చే జనంతో టిహువానా కిటకిటలాడేది. ఆ సలాడ్‌తోనే వెల్లుల్లి క్రూటాన్‌కు ప్రపంచమంతటా పేరొచ్చింది.

రెండుసార్లు కాల్చే దేశాలు

ఉత్తర యూరప్ వాళ్లు ఆరబెట్టే దారినే పట్టారు. స్వీడన్‌లో మిగిలిపోయిన ఏలకుల బన్నులను రెండుగా చీల్చి, సన్నసెగ ఓవెన్‌లో గట్టిపడేదాకా ఉంచి 'స్కొర్పొర్' చేసుకుంటారు, కాఫీలో ముంచుకుంటారు. డెన్మార్క్ వాళ్లు ఎండాకాలంలో చల్లటి మజ్జిగలో గుడ్డు, నిమ్మ, వెనిలా కలిపి తాగే 'కోల్డ్‌స్కోల్' మీద 'కామెర్‌యుంకెర్' అనే చిన్న తీపి బిస్కెట్లు వేస్తారు. అవీ రెండుసార్లు కాల్చినవే. పుల్లటి చల్లదనానికి కరకరలాడే తీపి ఎంత బాగా అమరుతుందో ఈ ఒక్క వంటకం చూస్తే చాలు. జర్మన్ల రెండుసార్లు కాల్చిన రొట్టె 'జ్వీబాక్' పసిపిల్లలకూ రోగులకూ పెట్టే ఆహారంగా పేరు పొందింది. హాగెన్ పట్టణంలో కార్ల్ బ్రాంట్ 1912లో పెట్టిన కర్మాగారం దాన్ని ఇంటింటి సరుకు చేసింది. 1870ల్లో దక్షిణ రష్యా వదిలి అమెరికాలోని కాన్సస్‌కూ కెనడాలోని మానిటోబాకూ వలసవెళ్లిన మెనొనైట్ అనే క్రైస్తవ శాఖ కుటుంబాలు వెన్న కలిపిన తమ జ్వీబాక్ బన్నులను కాల్చి ఆరబెట్టి, సంచుల్లో నింపుకుని బయల్దేరాయి. ఆ సుదీర్ఘ ప్రయాణానికి అదే దారిబత్తెం.

మన బేకరీ రస్కు ఈ కుటుంబంలోదే. కాస్త తీపిగా, ఏలకులు వేసి కాల్చిన రొట్టెను ముక్కలు కోసి రెండోసారి పొయ్యిలో పెట్టి ఎండబెడతారు. చాయ్‌లో ముంచుకునే రస్కును పెద్ద సైజు తీపి క్రూటాన్ అని అనవచ్చు. ఇంట్లో చేసుకోవాలనుకునేవాళ్లు రస్కు రంగును కొండగుర్తుగా పెట్టుకుంటే సరిపోతుంది.

హవాయి

'తీపి బ్రెడ్డు' అనే మాటను అమెరికాలో ఇంటింటి మాట చేసింది హవాయి. 1878 సెప్టెంబరు 30న మదీరా దీవి నుంచి 'ప్రిసిల్లా' అనే ఓడ హొనొలులు చేరింది. చెరకు తోటల్లో కూలి పనికి కుదిరిన పోర్చుగీసు కుటుంబాలు అందులో ఉన్నాయి. తర్వాతి ఏళ్లలో అసోర్స్ దీవుల నుంచీ మనుషులు వచ్చారు. వాళ్లు ఇళ్ల పక్కన రాళ్లతో గుమ్మటం పొయ్యిలు కట్టుకుని, పండుగలకు గుడ్లు, పాలు, చక్కెర దండిగా వేసి మాస్సా సొవాడా కాల్చేవారు. ఆ రుచి దీవులంతటా పాకింది. జపాన్ నుంచి వలసవచ్చిన కుటుంబంలో పుట్టిన రాబర్ట్ టైరా 1950లో హిలో పట్టణంలో బేకరీ తెరిచాడు. ఆయన చేసిన గుండ్రటి తీపి రొట్టెకు గిరాకీ పెరిగింది. 1963లో బేకరీ హొనొలులులోని కింగ్ స్ట్రీట్‌కూ, 1977లో కాలిఫోర్నియాలోని టొరెన్స్‌కూ విస్తరించింది. ఇప్పటి కింగ్స్ హవాయియన్ అదే.

థాంక్స్‌గివింగ్ పండుగకు హవాయి ఇళ్లలో ఈ బ్రెడ్డునే ముక్కలు కోసి, ఆరబెట్టి, కారం కారంగా ఉండే పోర్చుగీసు సాసేజ్‌తోనూ ఉల్లి, సెలరీలతోనూ కలిపి స్టఫింగ్ చేసుకుంటారు. తీపి, కారం, ఉప్పు ఒక్క ముద్దలో తగులుతాయి. అమెరికాలోని మనవాళ్లు చాలామంది పావ్‌భాజీకి ఈ బన్నులనే తెచ్చుకుంటారు. ప్యాకెట్లో మిగిలిపోయిన నాలుగింటికి క్రూటాన్‌ను మించిన దారి లేదు.

హైదరాబాద్

తెలుగు నేల మీద తీపి బ్రెడ్డు వేపుడుకు అసలైన చిరునామా డబుల్ కా మీఠా. బేకరీ మిల్క్ బ్రెడ్డును ముక్కలు కోసి, నెయ్యిలో ముదురు బంగారు రంగు వచ్చేదాకా వేయించి, ఏలకులు, కుంకుమపువ్వు వేసిన పాకంలోనూ చిక్కగా మరిగిన పాలలోనూ నానబెట్టి, బాదం, జీడిపప్పు చల్లుతారు. హైదరాబాదీ పెళ్లి విందులో ఖుబానీ కా మీఠాతో పాటు ఇదీ ఉండాల్సిందే. అవధ్ వైపు షాహీ టుకడా దీనికి దగ్గరి చుట్టం, అందులో రబ్డీ పాలు ఎక్కువ. ఇక్కడ క్రమం మూడో రకం. ముందు వేయించి, తర్వాత తడుపుతారు. వేయించడం సరిగ్గా కుదరకపోతే ముక్క పాకంలో పడగానే ముద్దయిపోతుంది. లోపలిదాకా ఆరి బిగిసిన ముక్క మాత్రం పాకం మొత్తం తాగినా విరక్కుండా నిలుస్తుంది. డబుల్ కా మీఠాలో సగం పని మంచి క్రూటాన్ చేయడమే. వంటవాళ్లు ఆ సగానికి ఇచ్చే శ్రద్ధే వంటకం మంచీచెడూ తేలుస్తుంది.

ఎందుకు మాడుతుంది

ఈస్ట్‌లోని ఒక ఎంజైమ్ పిండిలో వేసిన చక్కెరను గ్లూకోజ్, ఫ్రక్టోజ్‌లుగా విడగొడుతుంది. మామూలు చక్కెర కరిగి రంగు మారడానికి 160 డిగ్రీల సెల్సియస్ దాటాలి, ఫ్రక్టోజ్‌కు 110 డిగ్రీల దరిదాపులే చాలు. పాలు పోసిన బ్రెడ్డులో లాక్టోజ్ కూడా ఉంటుంది. దాన్ని బేకరీ ఈస్ట్ తినలేదు కాబట్టి అలాగే మిగిలిపోతుంది. ఈ చక్కెరలు ప్రొటీన్లతో కలిసి ఎర్రబడే చర్యను ఫ్రెంచి శాస్త్రవేత్త లూయీ కామీ మెయార్ 1912లో వివరించాడు. వేయించిన బ్రెడ్డు కమ్మటి వాసన చాలావరకు అందులోంచి వచ్చిందే. తీపి బ్రెడ్డులో ఆ చర్య తొందరగా మొదలవుతుంది, తొందరగానే చేదులోకి దిగుతుంది.

నిన్నటి బ్రెడ్డే ఎందుకన్నదానికీ శాస్త్రం ఉంది. పాతబడడమంటే ఎండిపోవడమే అనుకుంటాం. గాలి చొరకుండా మూసిపెట్టినా, తడి పోకుండానే బ్రెడ్డు పాతబడుతుందని బూసెంగో అనే ఫ్రెంచి రసాయన శాస్త్రవేత్త 1852లోనే చూపించాడు. ఉడికినప్పుడు విచ్చుకున్న పిండిపదార్థపు అణువులు చల్లారాక మళ్లీ బారులు తీరి బిగుసుకుంటాయి. ఫ్రిజ్ చల్లదనంలో ఈ పని ఇంకా వేగంగా జరుగుతుంది. తినే బ్రెడ్డును ఫ్రిజ్‌లో పెట్టకూడదనేది అందుకే. క్రూటాన్లకు మనకు కావలసిందే ఆ బిగువు కనుక, తాజా బన్ను తప్ప వేరే దిక్కు లేనప్పుడు ఒక రాత్రి ఫ్రిజ్‌లో పెట్టడం మంచి ఉపాయం. వెన్న, గుడ్డు ఉన్న బ్రెడ్డు మెత్తగా ఉండి కత్తి కింద నలిగిపోతుంది. బిగిస్తే అంచులు చెదరకుండా తెగుతుంది.

ఇంట్లో చేసే తీరు

రంపపు పళ్ల కత్తితో, నొక్కకుండా కోయాలి. ముక్క 2 సెంటీమీటర్లకు మించకూడదు. ఓవెన్ ఉంటే 120 డిగ్రీల వేడిలో, నెయ్యి తగలకుండా, ఇరవై నిమిషాలకు పైగా ఆరనివ్వాలి. అప్పుడు కరిగిన వెన్నో నెయ్యో పైపైన పట్టించి, 150 డిగ్రీల్లో మరో పది నిమిషాలు, మధ్యలో ఒకసారి తిరగేస్తూ ఉంచాలి. మామూలు క్రూటాన్లకు చెప్పే 190 డిగ్రీలు వీటికి పనికిరావు. ఓవెన్ లేకపోతే అడుగు మందంగా ఉన్న పెనం చాలు. ముందు ఉత్త పెనం మీద, సన్నసెగన, ముక్కల మూలలు గట్టిపడేదాకా కదుపుతూ ఉండి, ఆ తర్వాతే నెయ్యి వేయాలి. ఆరని ముక్క నెయ్యిని స్పాంజిలా లాగేసుకుంటుంది. దించేటప్పుడు ముక్క నడుమ ఇంకా కాస్త మెత్తగా అనిపించినా కంగారు పడనక్కర్లేదు, చల్లారుతూ గట్టిపడుతుంది. టూటీ ఫ్రూటీ ఉన్న ఫ్రూట్ బ్రెడ్డు అయితే, పైకి కనబడుతున్న పలుకులను ముందే తీసేయాలి. చక్కెర పాకంలో ఊరిన పచ్చి బొప్పాయి ముక్కలే అవి. బ్రెడ్డుకు రంగు రాకముందే నల్లబడి పంటికి రాళ్లలా తగులుతాయి.

పళ్ల ముక్కలకూ కస్టర్డ్‌కూ అయితే దాల్చినచెక్క పొడో ఏలకుల పొడో కలిపిన చక్కెరను వేడి మీదే చల్లాలి. టమాటా సూప్‌లోకి అయితే మిరియాల పొడి, ఉప్పు చాలు. టమాటా పులుపుకు ఈ తీపి, ఉప్పు క్రూటాన్ల కన్నా బాగా సరిపోతుంది. గుమ్మడికాయ సూప్ తనంతట తనే తీపి కనుక దానిలోకి కారం ఎక్కువ తగలాలి.

రంగు విషయంలో ఒక జాగ్రత్త ఉంది. పిండిపదార్థం ఉన్న వంటలను 120 డిగ్రీలు దాటిన వేడిలో వేయించినా కాల్చినా యాక్రిలమైడ్ అనే హానికర పదార్థం ఏర్పడుతుందని స్వీడన్ పరిశోధకులు 2002లో బయటపెట్టారు. చక్కెరలూ వేడీ పెరిగినకొద్దీ, రంగు ముదిరినకొద్దీ అది పెరుగుతుంది. కనుక తీపి క్రూటాన్ లేత బంగారు రంగు దాటి గోధుమ నలుపులోకి పోకుండా చూసుకోవాలి. రుచికీ అదే మంచిది.

చక్కెర గాలిలోని చెమ్మను లాగుతుంది. అందుకే ఇవి మామూలు క్రూటాన్ల కన్నా త్వరగా మెత్తబడతాయి, వానాకాలంలో విశాఖ, కాకినాడ వంటి సముద్రతీరపు ఊళ్లలో మరీ త్వరగా. పూర్తిగా చల్లారాకే గట్టి మూతున్న స్టీలు డబ్బాలో వేయాలి. వెచ్చగా ఉండగా మూత పెడితే లోపల ఆవిరి పట్టి చేసిన పనంతా వృథా అవుతుంది. మెత్తబడితే 110 డిగ్రీల ఓవెన్‌లోనో, పొడి పెనం మీద సన్నసెగనో పది నిమిషాలు ఉంచితే మళ్లీ కరకరలాడతాయి. నెయ్యి వాసన మారినవాటిని మాత్రం పారేయాలి.