ముగియని కైఫీయతులు

పైలోకంలో చిత్రగుప్తుడి చిట్టా ఉందని మన నమ్మకం. అయితే మనిషి పోయాకే అక్కడ లెక్క తేలుతుంది. సగంలో ఆగిన కథకు ఆ కొలువులో చోటు లేదు. అలాంటి కథల కోసం ఇంకో దఫ్తరం ఉంటే ఎలా ఉంటుందని ఊహకు పని పెట్టనక్కర్లేదు. చెన్నైలోని ప్రాచ్య లిఖిత పుస్తక భాండాగారంలో ఉన్న మెకంజీ కైఫీయతులు అటువంటివే. స్కాట్లండు నుంచి వచ్చిన సర్వే అధికారి కాలిన్ మెకంజీ, ఆయన దగ్గర పనిచేసిన కావలి సోదరులు, వాళ్ళు పంపిన గుమాస్తాలు ఊరూరా కరణాలను అడిగి రాయించుకున్న స్థానిక చరిత్రలివి. మొదలు దేవుళ్ళతో, నడుమ రాజులతో సాగి, చివర ఉన్నట్టుండి ఆగిపోతాయి. అందుకే చాలామంది వీటిని సగం ఉడికిన చరిత్ర అంటారు. నా ఉద్దేశంలో చెప్పేవాళ్ళకు కథ చేతగాక అవి ఆగలేదు. చెప్పే నాటికి వాళ్ళ వ్యవహారమే తెగలేదు.

కళ్యాణదుర్గం వైపు మెట్టనేలల నుంచి చూస్తే ఈ సంగతి తేటపడుతుంది. ఊరికి ఆ పేరు కళ్యాణప్ప అనే పాళెగాడి మీదుగా వచ్చిందని చెప్పుకొంటారు. వాన మొహం చాటేసే ఈ సీమలో ఊరి చరిత్రంటే చెరువు చరిత్రే. ఒకడు చెరువు కట్టిస్తాడు, అది తెగుతుంది, రైతులు వలసపోతారు, ఇంకొకడు కౌలిచ్చి మళ్ళీ పిలిపిస్తాడు. ఇలాంటి చోట కరణం రాత కూడా ఎప్పటికప్పుడు పొడిగించుకునేదే. కన్నడ సరిహద్దు దాకా ఈ ప్రాంతంలో వాడిన కడితాన్నే చూడండి. గుడ్డకు చింతగింజల జిగురు, బొగ్గుపొడి కలిపి పట్టించి, నల్లగా ఆరాక మడతలు పెట్టేవారు. దాని మీద బలపంతో రాత. తుడిచి మళ్ళీ రాయొచ్చు. కైఫీయతులకు ఆధారమైన, కరణాలు ఉంచుకునే దండకవిలెల తీరూ అదే, తరం మారినప్పుడల్లా కొత్త రాత చేరుతుంది. ‘సమాప్తం’ అని రాసుకునే అలవాటు కావ్యకర్తలది, కరణానిది కాదు.

ఇక ఆగిన చోటు చూద్దాం. 1800లో నిజాం ఈ నేలను కుంఫిణీకి ధారపోశాడు, అదే దత్తమండలం. మొదటి ప్రధాన కలెక్టరు థామస్ మన్రో 1807 దాకా ఉండి, 80 మంది పాళెగార్లను అణచి, కొందరికి పింఛన్లు కట్టాడు. ఈ సీమ కైఫీయతులు చాలావాటికి చివరి మజిలీ ఫసలీ 1210, అంటే ఆ కుంఫిణీ రాకే. ఆ తర్వాత ఫలానా మాన్యం నిలిచిందా, ఫలానా గుడి దీపధూపాలకు నేల మిగిలిందా అన్నది తేలకుండానే రాత ఆగుతుంది. తేల్చాల్సినవాళ్ళు కుంఫిణీ దొరలు. వాళ్ళలో ఒకడైన మెకంజీ గుమాస్తాయే ఎదురుగా కూర్చుని రాసుకుంటున్నాడు. ఈ లెక్కలు ఎంతకాలం తేలలేదో చెప్పడానికి ఉయ్యాలవాడ నరసింహారెడ్డి చాలు. తాతతండ్రుల పింఛను గొడవతో 1846లో తిరగబడితే, 1847లో ఉరితీశారు.

అయితే ఇవి స్వార్థంతో చెప్పిన మాటలు కదా, చరిత్రెలా అవుతాయని అడగవచ్చు. నిజమే, మూలపురుషుడికి కలలో దేవుడు కనబడి నిధి చూపించిన కథలను నమ్మమని ఎవరూ అనరు. కానీ దొంగసాక్షి కూడా పొలం గట్లు సరిగ్గానే చెబుతాడు, లేకపోతే వ్యాజ్యం నిలవదు. చెరువు పేరు, తూము, శిస్తు, మాన్యం కొలత ఇలాంటివి శాసనాలతో సరిచూసుకోవచ్చు. ఇంకో ఆక్షేపణ బలమైంది: 1821లో మెకంజీ చనిపోయాడు, పని ఆగింది, అంతకుమించి ఇందులో మర్మం లేదని. సేకరణ ఎందుకు కుంటుపడిందో దానికి అది జవాబే. ఒక్కో కైఫీయతు లోపలి నుంచే ఎందుకు తెగిందో అది చెప్పదు. పైగా ముగింపు పెట్టడం తెలిసినవాళ్ళకు ఈ గతి పట్టలేదు. అనంతపురం హండే రాజుల చరిత్రను బ్రౌన్ దొర 1853లో తెలుగులోనూ ఇంగ్లీషులోనూ అచ్చువేశాడు, దాన్ని పుస్తకంలా చదువుకోవచ్చు. పుస్తకం కాలేనివే కట్టల్లో మిగిలాయి.

కట్టలు కట్టినవాడి కథా అంతే. అన్న బొర్రయ్య 1803లో పోతే పని నెత్తిన వేసుకున్న కావలి లక్ష్మయ్య, మెకంజీ పోయాక 1830ల్లో మిగతాది తాను సాగిస్తానని సర్కారును అడిగాడు. ఇరవై ఏళ్ళు ఊళ్ళు తిరిగినవాడికి అంత పని చేతకాదని కలకత్తా ఏషియాటిక్ సొసైటీ పెద్దలు తేల్చారు. కాగితాలు పాద్రి విలియం టేలర్ చేతికి వెళ్ళాయి. ఆయన వెలిసిన సిరాను నకలు చేయించాడు, జాబితా అచ్చువేశాడు. అది అవసరమైన పనే, కాదనలేం. కానీ జాబితా వేసేవాడు ఉన్న కాగితం లెక్కపెడతాడు, ఊరికి వెళ్ళి ‘తర్వాతేమయింది?’ అని అడగడు. ఆ అడిగే పనే లక్ష్మయ్య కోరింది. జవాబు చెప్పగల కరణాల కొలువు మాత్రం 1984 దాకా ఉండనే ఉంది.