ఉదయగిరి గెలిపించింది, ఆత్మకూరు ఓడించింది

ఉపరాష్ట్రపతి దాకా వెళ్లిన ముప్పవరపు వెంకయ్యనాయుడు గారిని జనం నేరుగా ఓటేసి గెలిపించింది ఎన్నిసార్లో తెలుసా? రెండే రెండుసార్లు. రెండూ ఉదయగిరి నుంచే. మొన్న టీ తాగుతూ ఈ మాటంటే మా టీమ్‌లో ఎవరూ నమ్మలేదు. అందరికీ ఆయన ప్రాసలు, పంచెకట్టు గుర్తున్నాయి గానీ ఎన్నికల లెక్క గుర్తులేదు.

ఆయనది నెల్లూరు జిల్లా చవటపాలెం, పుట్టింది 1949లో. నెల్లూరు వి.ఆర్. కాలేజీలో డిగ్రీ, విశాఖ ఆంధ్రా యూనివర్సిటీలో లా. అయితే నల్లకోటు కన్నా 1972 జై ఆంధ్ర ఉద్యమమే ఆయన్ని నాయకుణ్ణి చేసిందని నా అభిప్రాయం. ఎమర్జెన్సీలో జైలుకెళ్లారు. 1977లో ఒంగోలు లోక్‌సభకి నిలబడి ఓడిపోయారు. మరుసటేడే జనతా పార్టీ తరఫున ఉదయగిరి ఎమ్మెల్యే. అప్పటికి 28 ఏళ్లు. (ఇంచుమించు నా వయసు. నేనింకా అప్రైజల్ ఫారాలు నింపుకుంటున్నా.)

ఉదయగిరి అంటే జిల్లాకి పడమటి మెట్ట ప్రాంతం. నెల్లూరు అనగానే గుర్తొచ్చే వరిమళ్లు అక్కడ వెతక్కండి. గజపతుల నుంచి ఆ కోటని 1514లో గెలవడానికి కృష్ణదేవరాయలకే ఏడాదికి పైగా ముట్టడి పట్టింది. అంత తేలిగ్గా లొంగే ఊరు కాదన్నమాట.

అసలు విశేషం 1983ది. ఎన్టీఆర్ గాలికి రాష్ట్రంలో మహామహులు కొట్టుకుపోయారు. 294 సీట్లలో తెలుగుదేశానికి రెండొందల పైచిలుకు, బీజేపీకి మూడు. ఆ మూడింట్లో ఉదయగిరి ఒకటి! అది పార్టీ ఓటు కాదు, మనిషిని చూసి వేసిన ఓటు అనే నేననుకుంటాను. 1984 ఆగస్టులో ఎన్టీఆర్‌ని దించేసినప్పుడు అదే ఎన్టీఆర్ కోసం వెంకయ్య గట్టిగా నిలబడ్డారు.

1985 ఎన్నికల్లో తెలుగుదేశం, బీజేపీ మిత్రులు. బీజేపీ మూడు నుంచి ఎనిమిదికి పెరిగింది. ఆయన మాత్రం ఉదయగిరి వదిలి పక్కనున్న ఆత్మకూరులో పోటీచేసి ఓడిపోయారు. గాలికి ఎదురెళ్లి గెలిచిన మనిషి, గాలివాటంగా వెళ్లి ఓడిపోయాడు! ఉదయగిరిలోనే ఉంటే గెలిచేవారు కదా అంటారా? ఏమో. ఆ ఏడు అక్కడ గెలిచింది కూడా కాంగ్రెస్సే, మేకపాటి రాజమోహన్ రెడ్డి.

ఆ తర్వాత 1989లో బాపట్ల, 1996లో హైదరాబాదు, రెండూ ఓటమే. 1998 నుంచి రాజ్యసభ దారి పట్టారు. మూడుసార్లు కర్ణాటక, 2016లో రాజస్థాన్. అంటే ఢిల్లీలో మంత్రిగా ఉన్నప్పుడు ఆయనకంటూ సొంత నియోజకవర్గం లేదు. ఇది నాకు కొంచెం ఇబ్బందిగానే ఉంటుంది. నీళ్లు రాకపోతే ఉదయగిరి రైతు ఎవర్ని నిలదీయాలి? కానీ పల్లెలకి తారురోడ్లు వేసిన గ్రామ సడక్ యోజన 2000 డిసెంబరులో మొదలైనప్పుడు గ్రామీణాభివృద్ధి మంత్రి ఆయనే. ఆ సంగతీ లెక్కలో వేసుకోవాలి.

2017లో ఉపరాష్ట్రపతి అయ్యాక దౌత్యం మీద పడింది. 2019లో బాకూ అలీనదేశాల సదస్సుకి మన దేశం తరఫున వెళ్లారు. 2020లో షాంఘై సహకార సంస్థ ప్రభుత్వాధినేతల సమావేశానికి ఆన్‌లైన్‌లో అధ్యక్షత వహించారు. అన్నిటికన్నా ఇరకాటమైంది మాత్రం 2022 జూన్. ఆయన ఖతార్‌లో ఉండగానే, బీజేపీ ప్రతినిధి ఒకరు టీవీలో అన్న మాటలకి ఆ దేశం మన రాయబారిని పిలిపించి నిరసన తెలిపింది. తను ఒకప్పుడు అధ్యక్షుడిగా నడిపిన పార్టీ తెచ్చిన తంటా, తను అతిథిగా ఉన్న ఊళ్లో! అయినా పర్యటన సగంలో ఆపలేదు. అక్కడి మనవాళ్లని కూడా కలిసి, పూర్తిచేసుకునే తిరిగొచ్చారు.