రెండు రూపాయల వడ్డీ అంటే ఎంత?

నేను పుట్టి పెరిగింది అమెరికాలో. ఇంట్లో విన్న తెలుగుకి సొంతంగా చదువుకున్న తెలుగు కలిపి రాస్తున్నాను. తప్పులుంటే చెప్పండి, దిద్దుకుంటాను.

పోయిన ఏడాది ఊరి నుంచి బాబాయ్ ఫోన్ చేశాడు. చెల్లి చదువుకి రెండు లక్షలు అప్పు తెచ్చాడట. "ఎంత వడ్డీకి బాబాయ్?" అని అడిగాను. "రెండు రూపాయలకి రా" అన్నాడు. నూటికి రెండు అని అర్థమైంది. "అంతేనా! ఇక్కడ మా ఇంటి లోనుకే అంతకంటే ఎక్కువ. మీరు తొందరపడి తీర్చకండి" అన్నాను. బాబాయ్ ఏమీ మాట్లాడలేదు.

తర్వాత నాన్న కాగితం తీసుకుని కూర్చోబెట్టాడు. ఊళ్ళో రెండు రూపాయల వడ్డీ అంటే నూటికి, నెలకి. రెండు లక్షలకి నెలకి 4,000. ఏడాదికి 48,000. బడిలో నేర్చుకున్న సూత్రం ఇదే కదా: పెరిగినదాన్ని మొదట ఉన్నదానితో భాగించి, వందతో గుణించాలి. 48,000ని 2,00,000తో భాగించి వందతో గుణిస్తే 24 శాతం! సూత్రం నాకు వచ్చు. రానిది భాష. "నెలకి" అన్న మాట ఊళ్ళో ఎవరూ పైకి అనరు, అందరికీ తెలుసు కాబట్టి.

ఈ అలవాటు ఎప్పటిదో అని వెతికాను. చాలా పాతది. కౌటిల్యుడి అర్థశాస్త్రంలో న్యాయమైన వడ్డీ నెలకి నూటికి ఒకటింపావు పణం. అంటే ఏడాదికి 15 శాతం. వ్యాపారులకి నెలకి 5, అడవుల్లో తిరిగేవాళ్ళకి 10, సముద్రం మీద వెళ్ళేవాళ్ళకి 20. ప్రమాదం పెరిగేకొద్దీ వడ్డీ పెరుగుతుంది.

భాస్కరాచార్యుడు 1150లో రాసిన లీలావతిలో కూడా వడ్డీ లెక్కలు నెలకి నూటికి ఇంత అనే ఉంటాయి. అంతకుముందు 9వ శతాబ్దంలో మహావీరాచార్యుడు గణితసారసంగ్రహం రాశాడు. దాన్ని పావులూరి మల్లన తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు. ఈ లెక్కలకి ఆధారం త్రైరాశికం: వందకి ఇంత అయితే, నా దగ్గరున్నదానికి ఎంత?

రోమన్లు కూడా ఇలాగే లెక్కపెట్టారు! వాళ్ళ "సెంటెసిమా" వడ్డీ అంటే నెలకి నూరోవంతు, ఏడాదికి 12 శాతం. మన "రూపాయి వడ్డీ" సరిగ్గా అదే. తర్వాత ఇటలీ వర్తకులు "పెర్ చెంటో" అనే మాటని కుదించి రాస్తూ పోతే, మెల్లగా ఇప్పటి శాతం గుర్తు వచ్చింది.

ఇంకో చిక్కు ఉంది. మొదటి ఏడాది ఏమీ కట్టకపోతే, వడ్డీని అసలులో కలిపేస్తే, రెండో ఏడాది 24 శాతం 2,48,000 మీద పడుతుంది. చివరికి 3,07,520 అవుతుంది. పెరిగింది 48 శాతం కాదు, 53.76 శాతం. ఎందుకంటే "మొదట ఉన్నది" మారిపోయింది.

ఆ ఆదివారం నేనే బాబాయ్‌కి ఫోన్ చేశాను. నా తప్పు ఒప్పుకున్నాను. "నోటులో బారువడ్డీ అని ఉందా, చక్రవడ్డీ అని ఉందా?" అని అడిగాను. "ఇప్పుడు సరిగ్గా అడిగావు" అని నవ్వాడు. ఆ అప్పు ముందు తీర్చేద్దామని ఇద్దరం అనుకున్నాం.