హ్యాండ్‌హెల్డ్ ఎమ్యులేటర్

అరచేతిలో పట్టుకుని ఆడే వీడియోగేమ్ యంత్రాల ఆటలను మామూలు కంప్యూటర్‌లో నడిపించే సాఫ్ట్‌వేర్. అసలు యంత్రంలోని ప్రాసెసర్, మెమరీ, తెర, శబ్దం ఎలా పనిచేస్తాయో అచ్చం అలాగే అనుకరిస్తుంది.

1989లో నింటెండో తెచ్చిన గేమ్‌బాయ్‌ను చూడండి. ప్రాసెసర్ వేగం సుమారు 4.19 మెగాహెర్ట్జ్, తెర 160×144 చుక్కలు, నాలుగే ఛాయలు. ఏ ఇంట్లోనో మూలనపడ్డ పాత ల్యాప్‌టాప్‌కైనా ఇది బరువు కాదు. అసలు కష్టమంతా సమయపాలనలో ఉంది. తెరమీద ఒక్కో వరుస ఎప్పుడు పడాలో లెక్క తప్పితే బొమ్మ చెదురుతుంది, సంగీతం తడబడుతుంది. మంచి ఎమ్యులేటర్ల గొప్పతనం ఈ ఓపికలోనే తెలుస్తుంది.

2004లో వచ్చిన సోనీ పీఎస్‌పీ మరింత జటిలం. దాని కోసం హెన్రిక్ రిడ్‌గార్డ్ 2012లో విడుదల చేసిన పీపీఎస్ఎస్‌పీపీ, 480×272 చుక్కల త్రీడీ దృశ్యాలను ఇంకెంతో స్పష్టంగా గీస్తుంది. మూలకోడ్ అందరికీ తెరిచే ఉంది.

ఇవి చట్టబద్ధమేనా అంటే, సోనీకీ ఎమ్యులేటర్ తయారుచేసిన కనెక్టిక్స్ సంస్థకూ మధ్య నడిచిన కేసులో 2000లో అమెరికా అప్పీళ్ల కోర్టు ఎమ్యులేటర్ తయారీదారుల పక్షాన నిలిచింది. ఆటల కాపీల సంగతి వేరు. మన 1957 కాపీరైట్ చట్టం 52వ సెక్షన్, చట్టబద్ధంగా కొన్న ప్రోగ్రాముకు భద్రత కోసం నకలు తీసుకోనిస్తుంది. పరుల నకళ్లను దించుకోవడానికి అది అనుమతి కాదు. అందుకే మీరు కొన్న పాత ఆటల కార్ట్రిడ్జ్‌లుంటే వాటిని పారేయకండి.