రంగస్థలం నుంచి వెండితెరకు: ఫాత్మా బేగం, జుబేదా

తాపీ నదీతీరాన వెలసిన సూరత్ మొగలుల కాలంలో పశ్చిమ తీరాన ప్రముఖ నౌకాశ్రయం. వర్తకానికీ, జరీ పనికీ పేరొందిన ఈ నగరానికి చలనచిత్ర చరిత్రలోనూ స్థానమున్నది. భారతదేశపు తొలి శబ్దచిత్రంలో కథానాయికగా నటించిన జుబేదా 1911లో ఇక్కడే జన్మించింది. ఆమె తల్లి ఫాత్మా బేగం ఉర్దూ నాటకరంగ నటి.

సూరత్ సమీపంలోని సచిన్ సంస్థానాన్ని హబ్షీ వంశీయులు పాలించారు. ఆ నవాబుతో ఫాత్మాకు వివాహమైనదని ప్రతీతి. అయితే వివాహపత్రం గాని, ఆమె సంతానాన్ని నవాబు అంగీకరించిన ఆధారం గాని లభించలేదు. సుల్తానా, జుబేదా, షెహజాదీ అనే ఆమె ముగ్గురు కుమార్తెలూ తల్లి బాటలోనే నటీమణులైనారు.

ఆనాడు తెరపై కనిపించడానికి స్త్రీలు సంకోచించేవారు. ఆటపాటలతో జీవించే స్త్రీలను సంఘం చిన్నచూపు చూసేది. 1913లో ఫాల్కే నిర్మించిన 'రాజా హరిశ్చంద్ర'లో తారామతి పాత్రను అన్నా సాలుంకే అనే యువకుడు ధరించవలసి వచ్చింది. ఇట్టి పరిస్థితులలో 1922లో అర్దేశిర్ ఇరానీ నిర్మించిన 'వీర అభిమన్యు' ద్వారా ఫాత్మా చిత్రరంగంలో ప్రవేశించింది.

ఈ మార్పు సామాన్యమైనది కాదు. నాటకనటికి కంఠస్వరమే పెట్టుబడి. మూకీచిత్రం ఆ స్వరాన్ని హరించి, ముఖకవళికలను, అంగవిన్యాసాన్ని మాత్రమే స్వీకరించింది. ఫాత్మా అంతటితో ఆగలేదు. 1926లో స్వంత చిత్రసంస్థను నెలకొల్పి, 'బుల్‌బుల్-ఎ-పరిస్తాన్' చిత్రానికి దర్శకత్వం వహించింది. భారతదేశపు తొలి మహిళా దర్శకురాలిగా చరిత్రకారులు ఆమెను పరిగణిస్తున్నారు.

తల్లి వదులుకొన్న స్వరం కుమార్తె ద్వారా తెరకెక్కింది. 1931 మార్చి 14న బొంబాయి మెజెస్టిక్ సినిమాలో విడుదలైన 'ఆలం ఆరా'లో జుబేదా కథానాయిక. మాటలూ పాటలూ తెలిసిన కళాకారుల అవసరం దానితో ఒక్కసారిగా పెరిగింది. మరుసటి సంవత్సరమే ఆ ప్రభావం తెలుగువారిని చేరింది. 1932 ఫిబ్రవరి 6న విడుదలైన 'భక్త ప్రహ్లాద'లో లీలావతిగా నటించిన కమలాబాయి సురభి నాటక కుటుంబంలో పెరిగిన నటి. కడప మండలంలోని సురభి గ్రామంలో 1885లో ఆరంభమైన ఆ సమాజం స్త్రీపాత్రలను తమ ఇంటి ఆడపడుచులచేతనే ధరింపజేసింది. ఆ శిక్షణ కమలాబాయికి తెరపైనా అక్కరకు వచ్చింది.

నాటకం ఆ రాత్రితోనే ముగుస్తుంది, చిత్రం మాత్రం నిలుస్తుందని ఆనాటివారు విశ్వసించారు. అది నిజం కాలేదు. 'బుల్‌బుల్-ఎ-పరిస్తాన్', 'ఆలం ఆరా', 'భక్త ప్రహ్లాద' చిత్రాల ప్రతులేవీ నేడు లభ్యం కావు. పుణే నగరంలో జాతీయ చలనచిత్ర భాండాగారం 1964లో ఏర్పడేనాటికే మూకీచిత్రాలలో అధికభాగం నశించాయి. ఫాత్మా బేగం 1983లో కన్నుమూసింది. ఆమె దర్శకత్వ ప్రతిభను ఈనాడు పాత ప్రకటనలు, పత్రికా వార్తలు, కొన్ని ఛాయాచిత్రాల ద్వారా మాత్రమే ఊహించవలసి ఉన్నది. కళను సృష్టించడం ఎంత శ్రమతో కూడినదో, దానిని భద్రపరచడం అంతటి బాధ్యత అని ఈ తల్లీకూతుళ్ల చరిత్ర బోధిస్తున్నది.