మద్యం, మూత్రం, మూత్రపిండాలు: ఒక నమ్మకం చరిత్ర

పరిచయం

‘బీరు తాగితే కిడ్నీలో రాళ్లు పోతాయి’ అనే మాట మీరు వినే ఉంటారు. తెలంగాణ పల్లెల్లో ఇదే మాట కల్లు గురించి అంటారు. దీన్ని మూఢనమ్మకమని తోసిపుచ్చడం తేలిక. కాని ఒక నమ్మకం తరతరాలుగా నిలిచి ఉందంటే, దాని వెనక ఏదో ఒక అనుభవం ఉంటుంది. ఆ అనుభవం ఏమిటి, దాని నుంచి జనం తీసిన నిర్ణయం ఏమిటి అన్నది విడదీసి చూడటం చరిత్ర విద్యార్థి పని. ఈ భాగంలో మీరు చేయవలసింది అదే.

ప్రాచీన, మధ్య యుగాలు

హిప్పోక్రటీస్ పేరుతో ప్రచారంలోకి వచ్చిన గ్రీకు వైద్య గ్రంథాలు తెల్ల ద్రాక్షసారాకు మూత్రాన్ని జారీ చేసే గుణం ఉందని గుర్తించాయి. ఇది సరైన పరిశీలనే. అయితే ఆనాటి వైద్యం ప్రకారం శరీరంలోని ద్రవాల సమతౌల్యం చెడితే రోగం వస్తుంది. చెడిన ద్రవం బయటికి పోతే రోగం తగ్గుతుంది. కాబట్టి మూత్రం ఎక్కువగా రావడమే మేలుకు గుర్తు అయింది. మధ్యయుగ ఐరోపాలో వైద్యులు మూత్రాన్ని గాజుపాత్రలో పోసి, రంగును బట్టి రోగాన్ని నిర్ణయించేవారు. రోగిని చూడకుండా మూత్రం చూసి జోస్యం చెప్పేవారిని ఎండగడుతూ 1637లో థామస్ బ్రయన్ ఇంగ్లండులో ఒక పుస్తకమే ప్రచురించాడు.

పందొమ్మిదో శతాబ్దం

1827లో లండన్ గైస్ ఆసుపత్రి వైద్యుడు రిచర్డ్ బ్రైట్ తన రోగుల వివరాలను ప్రచురించాడు. ఒళ్లు వాచిన రోగుల మూత్రాన్ని చెంచాలో పోసి వేడిచేస్తే అది గడ్డకట్టేది. అందులో ఆల్బుమిన్ ఉందని దాని అర్థం. అలాంటివారు మరణించాక పరీక్షిస్తే మూత్రపిండాలు దెబ్బతిని కనిపించేవి. ఈ జబ్బుకు అతడు చూపిన కారణాల్లో అతిగా తాగడం ఒకటి. అదే శతాబ్దంలో, అదే నగరంలో రాబర్ట్ బెంట్లీ టాడ్ అనే వైద్యుడు జ్వరపీడితులకు బ్రాందీని మందుగా ఇచ్చేవాడు.

ఇక్కడ ఒక జాగ్రత్త అవసరం. బ్రైట్ రోగుల్లో తాగేవారు ఉన్నంత మాత్రాన వారి జబ్బుకు మద్యమే కారణమని చెప్పలేం. స్కార్లెట్ జ్వరం వంటి అంటురోగాల తరువాత కూడా మూత్రపిండాలు దెబ్బతింటాయి. రెండు విషయాలు కలిసి కనిపించడం వేరు, ఒకటి రెండోదానికి కారణం కావడం వేరు.

ఇరవయ్యో శతాబ్దం: కొలతలు

1942లో లండన్‌కు చెందిన శరీరధర్మ శాస్త్రవేత్త గ్రేస్ ఎగిల్టన్ మద్యం తాగినవారి మూత్రాన్ని కొలిచి చూసింది. ఒక గ్రాము ఆల్కహాలుకు సుమారు 10 మిల్లీలీటర్ల మూత్రం అదనంగా వస్తుందని తేలింది. రక్తంలో ఆల్కహాలు స్థాయి పెరుగుతున్నంతసేపే ఈ ప్రభావం బలంగా ఉంటుంది. నీటిని శరీరంలో నిలిపి ఉంచే హార్మోను పీయూష గ్రంథి నుంచి విడుదలవుతుంది. మద్యం దాన్ని అడ్డుకుంటుంది. ఆ హార్మోను విడుదలను ఏ అంశాలు శాసిస్తాయో 1947లో ఇ.బి. వెర్నీ వివరించాడు.

ఈ లెక్కను మన పరిస్థితికి అన్వయించి చూడండి. 5 శాతం ఆల్కహాలు ఉన్న 650 మి.లీ. బీరు సీసాలో సుమారు 26 గ్రాముల ఆల్కహాలు ఉంటుంది. దానివల్ల పావు లీటరు మూత్రం అదనంగా పోయినా, తాగిన నీరు కొంత మిగులుతుంది. 60 మి.లీ. విస్కీలో దాదాపు 20 గ్రాములు ఉంటుంది. అంటే లోపలికి వెళ్లినదానికంటే మూడింతలు బయటికి పోతుంది. ఎండలో కూలిపని చేసి, నీళ్లు తాగకుండా నేరుగా మద్యం తాగే మనిషికి దీనివల్ల కలిగే నష్టాన్ని మీరే ఊహించవచ్చు.

1996: రెండు అధ్యయనాలు

అమెరికాలో 45 వేల మందికి పైగా పురుషులపై జరిగిన అధ్యయనంలో బీరు తాగేవారిలో రాళ్లు ఏర్పడే అవకాశం 21 శాతం తక్కువగా కనిపించింది. నమ్మకానికి ఇది ఆధారంలా తోస్తుంది. కాని అది రాళ్లు లేనివారి గురించి చెప్పిన మాట. ఏర్పడిన రాయిని బీరు కరిగిస్తుందని ఆ అధ్యయనం చెప్పలేదు. అదే ఏడాది ఇటలీలో, మొదటిసారి రాయి వచ్చిన 199 మందిని రెండు జట్లుగా విడదీశారు. ఒక జట్టును నీళ్లు బాగా తాగమన్నారు. అయిదేళ్లలో వారిలో 12 శాతం మందికే మళ్లీ రాయి వచ్చింది. రెండో జట్టులో 27 శాతం మందికి వచ్చింది. అంటే మేలు చేయడానికి మంచినీళ్లే చాలు.

బీరులోని ప్యూరిన్లు యూరిక్ ఆమ్లాన్ని పెంచుతాయి; కొన్ని రకాల రాళ్లకు అదే మూలం. మూత్రనాళంలో రాయి అడ్డుపడినప్పుడు మూత్రం ఎక్కువైతే ఒత్తిడి పెరిగి నొప్పి తీవ్రమవుతుంది. నొప్పితోపాటు జ్వరం ఉంటే ఆలస్యం ప్రాణాపాయం. అలాంటివారికి మీ ఇంట్లో ఎవరైనా బీరు సీసా తెచ్చిస్తుంటే, వారించి వైద్యుడి దగ్గరికి పంపండి.

అభ్యాసం

మీ ప్రాంతంలో ఆహారపానీయాల గురించి వాడుకలో ఉన్న ఒక నమ్మకాన్ని ఎన్నుకోండి. అందులో పరిశీలన ఎంత, దాని నుంచి తీసిన నిర్ణయం ఎంత? ఒక పుటలో రాయండి.