దంతెవాడలోని రెండవ రాయి

కలియుగమున సంస్కృతము చదువగలవారు కొద్దిమందియే యుందురు గనుక, దేవభాషలో చెక్కించిన ప్రశస్తినే వేఱొక రాతిమీద దేశభాషలో వ్రాయించితినని 1703లో ఒక రాజు కారణము చెప్పి రెండవ శిలను నిలిపెనన్న సంగతి చదివినపుడు నాకు గలిగిన యానందము ఇంతింత యనరానిది. ఆ రాజు బస్తరు నేలిన దిక్పాలదేవుడు. శిలలు నిలిచినది శంఖినీ డంకినీ నదులు గలియు దంతెవాడలో, దంతేశ్వరీదేవి సన్నిధిని. రచించినవాడు రాజగురువైన మైథిల పండితుడు భగవానుమిశ్రుడు. దేవికిచ్చిన బలులచే శంఖినీజలము ఐదు దినములు ఎఱ్ఱబాఱెనని వర్ణించిన యాతడే, ఓరుగంటి కాకతి ప్రతాపరుద్రుని తమ్ముడగు అన్నమరాజు స్వదేశము విడిచి బస్తరు జేరి రాజ్యము చేసెననియు, దిక్పాలుడు ఆ సంతతివాడనియు వంశక్రమమును పేర్చినాడు. ఓరుగల్లు పేరు ఆ రాతిపై నిలిచినది గాని తెలుగు నిలువలేదు. అచటి దేశభాష హిందీ మాండలికము. కాకతీయుల యింట తెలుగు మాయమగుట రాజ్యము పోవుటకంటె చిన్న నష్టమని నేననజాలను.

1323లో ఓరుగంటి కోట తుగ్లకు సేనల వశమైనది. ఢిల్లీకి గొనిపోబడుచు ప్రతాపరుద్రుడు నర్మదాతీరమున దేహము చాలించెనని ప్రోలయనాయకుని విలస శాసనము చెప్పును. తమ్ముని వలసను చెప్పు రాయి ఆ పతనమునకు 380 ఏండ్ల తరువాతిది గనుక చరిత్రకారుల సందేహము న్యాయమే. బస్తరు జనుల కథలో మాత్రము సందేహము లేదు: వెనుదిరిగి చూడవలదని నియమించి దేవి రాజు వెంట నడచినదట, నదిలో ఇసుకలో కూరుకొని అందెల చప్పుడు ఆగగా ఆతడు తిరిగి చూచెనట, దేవి అచటనే నిలిచిపోయినదట.

బస్తరు నేలిన ఆ వంశపు రాజు పురుషోత్తమదేవుడు పూరీకేగి రథపతి బిరుదము తెచ్చెననియు, జగదల్పూరులో 75 దినములు సాగు దసరా రథోత్సవమునకు మూలమదియే ననియు చెప్పుదురు. నడిమి శతాబ్దములను దాటి 1921నకు వచ్చిన, బస్తరు రాజు రుద్రప్రతాపదేవుడు పుత్రులు లేక గతింపగా కుమార్తె ప్రఫుల్లకుమారీదేవి గద్దె నెక్కినది. రుద్రమదేవి కూతురు ముమ్మడమ్మ కడుపుననే గదా ప్రతాపరుద్రుడు పుట్టినది! కాకతీయ వంశమును కూతుండ్రు నిలిపిరని గర్వముతో చెప్పుకొనవలెను. మయూరభంజి వంశీయుని పెండ్లాడిన యా రాణి 1936లో లండనులో మరణించినది. ఆమె కుమారుడు ప్రవీరచంద్ర భంజదేవుడు, ఆదివాసులు దైవముగా కొలిచినవాడు, 1966 మార్చి 25న తన ప్రాసాదముననే పోలీసుల తుపాకులకు బలియయ్యెను. వంశము అంతటితో ఆగలేదు. 2022 జూలైలో వరంగల్లు కాకతీయ వైభవ సప్తాహమునకు ఆ యింటివారినే అతిథిగా పిలిచిరి.